జమ్మి పెట్టిన చేతిని సంతకం అడగలేక

మా దిక్కు దసరా నాడు జమ్మి ఆకు చేతిలో పెట్టి ‘బంగారం’ అంటారు. పెట్టినవాడితో ఆ పూట లెక్కల మాట ఎత్తకూడదు. ఇది ఎవరు పెట్టిన నియమమో తెలియదు కానీ నేను పాటించాను. జనగామ కోర్టులో నా దావా ఓడింది అందుకే.

జనగామలో నాది ఎరువుల దుకాణం. తరిగొప్పులలో చిన్న దుకాణం నడిపే ఒకతను నా దగ్గర ఉద్దెరకు సరుకు తీసుకుపోయేవాడు. నన్ను అన్నా అనేవాడు, నేను తమ్మీ అనేవాణ్ణి. ఒక ఏడు పత్తి దెబ్బతింది. రైతులు అతనికి కట్టలేదు, అతను నాకు కట్టలేదు. నాలుగు లక్షలకు ప్రామిసరీ నోటు రాసిచ్చాడు. ఆ సరుకు నేనూ వరంగల్‌లో అప్పు మీద తెచ్చిందే. అతని డబ్బు రాకుంటే, ఇల్లు కట్టుకుందామని మహబూబాబాద్‌లో కొన్న ప్లాటు అమ్మి నేను కట్టాలి.

నోటు రాసిన రెండేళ్లకు, దసరా సాయంత్రం, జమ్మి ఆకుతో పాటు ఇరవై వేలు తెచ్చాడు. కౌగిలించుకుని అలయ్ బలయ్ ఇచ్చుకున్నాం. నోటు వెనుక జమ నేనే రాశాను. కింద అతని సంతకం తీసుకోవాలని నాకు తెలుసు, పెన్ను చేతిలోనే ఉంది. అప్పుడే చేతిలో జమ్మి పెట్టిన మనిషిని ఎలా అడగను? మొహమాటపడి పెన్ను జేబులో పెట్టుకున్నాను. నా ఆ పెద్దమనిషి తరహా తలచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది.

నోటుకు ఆయుష్షు మూడేళ్లు. మధ్యలో కొంత కట్టి సంతకం పెడితే, అక్కడి నుంచి మళ్లీ మూడేళ్లు. నేను ఆ దసరా నుంచి లెక్కపెట్టుకుని నిమ్మళంగా ఉన్నాను. నోటు రాసిన నాలుగో ఏట దావా వేయబోతే వకీలు నోటు తిప్పి చూశాడు.

“ఇది నీ రాతనే గదా. ఆయన దస్కత్ ఏది?”

“దసరా నాడు ఇచ్చిండు సార్.”

“జడ్జి సాబ్‌కు గూడ గదే చెప్తవా?”

అయినా వేశాం. బోనులో అతను నా వైపు చూడకుండా, ఆ దసరాకు తను జనగామకే రాలేదన్నాడు. నోటుకు గడువు దాటిందని దావా కొట్టేశారు. కోర్టు మెట్ల మీద అతనే నా పక్కకు వచ్చి, “వకీలు గట్ల చెప్పమన్నడన్నా, ఏమనుకోకు” అన్నాడు. ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడుస్తాడంటారు. నేను ఓడి కూడా ఇంటికొచ్చే ఏడ్చాను, ప్లాటు రిజిస్ట్రేషన్ చేసిచ్చిన రోజు.

మొన్న దసరాకు మళ్లీ వచ్చాడు. ఒక చేతిలో జమ్మి, ఇంకో చేతిలో ఐదు వేలు. నేను చేయి చాపలేదు. పుస్తకం తీసి, జమ రాసి, పెన్నుతో సహా అతని ముందుకు జరిపాను.

“దస్కత్ పెట్టు.”

“గిప్పుడు దీంతోని ఏం పని అన్నా?”

“ఏం పని లేదు. పెట్టు.”

ఏమీ అనుకోలేదు. వంగి పెట్టేశాడు. రెండు పొడి అక్షరాలు, కింద ఒక గీత. ఆనాడు నేను అడగలేకపోయింది ఇంతే.

తరువాత జమ్మి నా చేతిలో పెట్టాడు.