కోర్టుకి కోపం పోయింది

మా పిన్నికి హైకోర్టు మీద ఉన్నంత గురి లాయర్నైన నాకే లేదు. మా చేపలవాళ్ల వీధిలో నల్లకోటు తొడిగిన మొదటివాణ్ణి కావడంతో, కోర్టులో జడ్జిగారు దగ్గినా ఆ ఘనత నాదేనని ఊరంతా చాటేది.

పిన్ని బతుకుతెరువు ఎండుచేపలు. పడవలు ఒడ్డుకు చేరగానే తడిచేపల గంప నెత్తికెత్తుకుని ఇసుకదిబ్బ మీదికి మోసుకెళ్లి ఆరబెట్టి, తగరపువలస సంతలో అమ్మేది. ఒకనాడు పార్కు కోసమని ఆ దారికి అడ్డంగా ఇనప కంచె వేశారు. చుట్టూ తిరిగి వెళ్లడానికి ఆవిడ మోకాళ్లు ఒప్పుకోవు. దారి పోతే పని పోయినట్టే.

కంచె తీయించమని మున్సిపల్ అధికారికి అర్జీ పెడితే పట్టించుకోలేదు. హైకోర్టుకి వెళ్లాం. ఆమె అర్జీని పరిశీలించి, గడువులోగా నిర్ణయం తీసుకోమని ఆర్డరు వచ్చింది. దేవుడు వరమిచ్చినా పూజారి వరమివ్వడంటారు కదా, ఆ అధికారి దాన్ని హాయిగా నిద్రపుచ్చాడు. గడువు దాటాక కోర్టు ధిక్కారం పిటిషన్ వేశాను. ఆయన్ని స్వయంగా హాజరు కమ్మన్నారు. ఆ మాట వినగానే పిన్ని కొత్త చీర తీసింది.

"నానూ వత్తాను. ఆడు సేతులు కట్టుకుని నిలబడ్డం నా కల్లతో సూడాల."

విజయవాడ దాకా రైల్లో ఎదురు సీటాయనకి మా కేసు నాకన్నా బాగా వాదించింది. ఆయన దిగేటప్పుడు కంచె వేసినవాళ్లని తిట్టి మరీ దిగాడు.

కోర్టులో జడ్జిగారు నిప్పులు చెరిగారు. అధికారికి ముచ్చెమటలు పట్టాయి. చేతులు జోడించి బేషరతుగా క్షమాపణ చెప్పుకుని, కిందటి వారమే రాసిన ఉత్తర్వు ఒకటి సమర్పించాడు. అర్జీ పరిశీలించాం, పార్కు ప్రజల కోసం కనక తోసిపుచ్చాం అని దాని సారాంశం. ఇది అన్యాయమని నేను లేచాను.

"కావచ్చు" అన్నారు జడ్జిగారు, శాంతించి. "పరిశీలించమన్నాం. ఆలస్యంగానైనా పరిశీలించారు. ఆ నిర్ణయం తప్పో ఒప్పో ఈ పిటిషన్‌లో తేల్చలేం. కావాలంటే కొత్తగా కేసు వేసుకోండి." తరవాతి కేసు పిలిచారు.

పిన్నికి అర్థమైంది జోడించిన చేతులొక్కటే. మా ఊళ్లో పెద్దల మాట మీరినవాడు ముందు తప్పు సరిదిద్దుకుని, ఆ తరవాతే తాంబూలం పట్టుకుని వాళ్ల ముందుకొస్తాడు. దిద్దకుండా దండం పెడితే ఆ తాంబూలం ఎవరూ ముట్టరు. అందుకని దండం చూడగానే కంచె పోయిందనే ఆవిడ నమ్మేసింది. వరండాలో అధికారిని ఆపి మరీ ఓదార్చింది.

"బాదపడకు బాబూ. తప్పు ఎవులైనా సేత్తారు. కంచి తీసీసినావు, అదే సాలు."

ఆయన నాకేసి ఒకసారి చూసి, మోగని ఫోను చెవికి పెట్టుకుని గబగబా వెళ్లిపోయాడు.

ఇక నాకు చెప్పక తప్పలేదు. పిన్నిని మెట్ల మీద కూర్చోబెట్టి, ధిక్కారం కేసు కోర్టు మాట చెల్లించుకోవడానికేననీ, ఆ మాట చెల్లిందనుకోగానే అది ముగిసిపోతుందనీ, కంచె సంగతి అందులోకి రాదనీ వివరించాను. చెబుతుంటే నాకే సిగ్గేసింది.

"అయితే కోర్టుకి కోపం పోయిందన్నమాట."

"పోయింది పిన్నీ."

"మరి నా దారో?"

"దానికి మళ్లీ కేసేద్దాం."

తిరుగు రైల్లో ఎదురు సీటామె ఎక్కడికెళ్లొస్తున్నారని అడిగితే, పెళ్లికని చెప్పింది. ఆవిడ మా కేసు సంగతి దాచడం నేనెప్పుడూ చూడలేదు. నాకు భయమేసింది.

కొత్త కేసు నడుస్తూనే ఉంది. పిన్ని ఇప్పుడు చేపలు ఎండబెట్టడం లేదు. మార్కెట్లో కత్తిపీట ముందు కూర్చుని ఇతరుల చేపలు కోసిపెడుతోంది. ఆదివారం నేను వెళ్లగానే పదిమందికీ వినపడేలా పలకరిస్తుంది.

"ఏట్రా లాయరూ, కోర్టుగోరు కులాసాయేనా? మల్లీ కోపమేటీ రానేదు కదా?"

అందరూ నవ్వుతారు, నేనూ నవ్వుతాను. మొన్న మాత్రం చేప కోస్తూ, తలెత్తకుండా అంది.

"రేపు దారొచ్చినా ఈ మోకాల్లు ఇంక ఆ దిబ్బెక్కవురా. కేసు మాత్రం ఆపకు. నా ఎనకాల గంపలు మోసీ ఆడోల్లున్నారు."