టీవీలో కాసమ్మ ఏడుపు

కాసమ్మ టీవీలో పాడింది మొత్తం కలిపితే నాలుగు నిమిషాలు కూడా ఉండదు. ఆ నాలుగు నిమిషాలే ఆమె కొంప ముంచాయి. అందులో నా చెయ్యి ఉంది కాబట్టి చెప్పాల్సినవాణ్ణీ నేనే.

మాది గోపాలపూర్ దిగువన ఉన్న జాలరిపేట. నేను బరంపురంలో ఒక రికార్డింగు స్టూడియోలో హార్మోనియం వాయించేవాణ్ణి. తొంభై మూడులో ఒక ఒడియా సీరియల్‌కి, సముద్రంలో మొగుణ్ణి పోగొట్టుకున్న ఆడమనిషి ఏడుపు కావలసివచ్చింది. కటకం నుంచి తెచ్చిన గాయని ఏడిస్తే జోలపాటలా ఉంది. ‘మా ఊళ్లో ఒకావిడ ఉంది’ అని నోరు జారాను. ఏడుపు తెలుగులో ఉన్నా ఫరవాలేదన్నారు.

పేటలో ఎవరు పోయినా ఏడుపు ఎత్తడానికి కాసమ్మ వదిన వెళ్లాల్సిందే. ఆమె రాగం ఎత్తితే దారినపోయేవాళ్లు చేపల బుట్టలు దించి మరీ నిలబడేవారు. అలాంటి మనిషిని స్టూడియోకి తీసుకెళ్తే మైకు ముందు ఏడుపు రాలేదు.

“పేరెట్టి పిలవకుండా ఏడుపెలగొస్తాది మరిదీ? సచ్చిపోయినోడెవుడో సెప్పు.”

“ఎవుడూ సావలేదు వదినా. ఏదో ఒక పేరను.”

బతికున్నవాణ్ణి పేరుపెట్టి ఏడవడం మా పేటలో శాపం పెట్టినంత పాపం. పోయినవాళ్లకేమో ఏడుపు ఒక్కసారే, మళ్లీ ఎత్తకూడదు. ఇంకొకరి ఇంటి మనిషిని ఏడవడానికి ఆమెకు మనసొప్పలేదు. చివరికి తన మొగుడి పేరే పట్టుకుంది.

“పేరు తీసెస్తారు గదా?” అని అడిగింది.

తీసేస్తారన్నాను. నిజానికి నేను ఎవరినీ అడగలేదు.

గురువారం సాయంత్రం సంఘం గదిలో ఉన్న ఒక్క టీవీ ముందు పేటంతా కూర్చుంది. సీరియల్లో శవం ఒడ్డుకు కొట్టుకొచ్చింది. “ఓ నా పైడన్నా, నన్నిడిసి ఎల్లిపోనావా” అని కాసమ్మ గొంతు. పైడన్న గుమ్మం దగ్గర చుట్ట వెలిగించుకుంటున్నాడు. ఒక్కరూ అతని వంక చూడలేదు.

మర్నాడు పైడన్న వేటకు వెళ్లే పడవ యజమాని సూరన్న అతనితో తేల్చేశాడు. “ఏడుపైపోయినోణ్ణి పడవెక్కించుకోలేను. మిగతావోళ్ల పెళ్లాలకి ఏటి సెప్పమంటావు?”

తక్కిన పడవలవాళ్లదీ అదే మాట. నేను స్టూడియోకి వెళ్లి కాళ్లావేళ్లా పడ్డాను. అంత బాగా వచ్చినదాన్ని ఎందుకు తీస్తామన్నారు. పైగా ప్రతివారం సీరియల్ మొదట్లో దాన్నే వేశారు. నాకు ఒళ్లు మండింది. అయినా ఉద్యోగం వదల్లేదు.

పైడన్న రెండు నెలలు ఒడ్డున వలలు బాగుచేశాడు. ఆ తర్వాత పాత దుంగలతో తెప్ప కట్టుకుని ఒంటరిగా వేటకు పోయాడు. తెప్ప మీద ఇద్దరుండాలి, ఒకడు వల లాగితే ఇంకొకడు తెడ్డు పట్టాలి. మూడో రోజున శవమై ఒడ్డుకు చేరాడు.

పెళ్లాం రాగం ఎత్తితేనే మిగతా ఆడవాళ్లు అందుకోవాలి. అందరూ కాసమ్మ చుట్టూ కూర్చున్నారు. “ఓ నా పైడన్నా” అని ఆగిపోయింది.

పైడన్న తల్లి ముసలమ్మ పళ్లు కొరికింది. “అది టీవీలో ఏడిసెసినావు గదే. కొత్తదుంటే ఏడు.”

కాసమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది. పైడన్నను ఏడుపు లేకుండానే ఎత్తారు. మా పేటలో దిక్కులేని శవానికి కూడా అలా జరగలేదు.

పదో రోజుకు ముందు వదిన నన్ను పిలిచింది.

“ఆ టేపు తెచ్చిపెట్టు మరిదీ. పదో రోజున ఏస్తాను. దాన్లో బాగా ఏడిసినాను.”

వెళ్లి అడిగాను. సీరియల్ అయిపోయిందని ఆ టేపు మీద పెళ్లిపాటలు ఎక్కించేశారట. ఆ మాట వదినకు ఇప్పటికీ చెప్పలేదు. అడిగినప్పుడల్లా, ఇంకా వెతుకుతున్నారంటాను.