మా ఆయన వాయించిన బేసు

మా ఆయన గుండెపోటుతో పోయాక, చర్చి దగ్గర ఆయన కోసం పెట్టే ఆదరణ కూడికలో ఆయన ఆఖరిసారి వాయించిన పాటే వెయ్యాలని మా అత్త పట్టుబట్టింది. చోడవరంలో మా ఇంటి ముందుగదే మా స్టూడియో. చుట్టుపక్కల చర్చిలవాళ్ళ పాటలు రికార్డు చేసేవాళ్ళం. ఆయన బేస్ గిటారు వాయించేవాడు, నేను కంప్యూటర్ ముందు కూర్చుని మిక్సింగ్ చేసేదాన్ని. గోవాడ చక్కెర ఫ్యాక్టరీకి చెరకు ట్రాక్టర్లు వెళ్తుంటే ఆ గుడగుడకి రికార్డింగ్ ఆపేసి టీ తాగేవాళ్ళం.

మాకు పోట్లాటంటూ వస్తే ఒక్కదాని గురించే. కాలితో కొట్టే కిక్ డ్రమ్మూ, బేసూ రెండూ అడుగున మోగేవే. రెండూ ఒక్కసారే పడితే ఒకదాన్నొకటి మింగేస్తాయి. అందుకని కిక్ పడిన ప్రతిసారీ బేసు రెప్పపాటు తనంతట తనే తగ్గి, మళ్ళీ లేచేలా పెడతాం. దాన్నే సైడ్‌చెయిన్ అంటారు. ఆయనకది బొత్తిగా గిట్టేది కాదు.

“ఒసే, నా పీక నొక్కేస్తన్నావే!” అనేవాడు.

“నొక్కితేనే మీరు వినపడతారు మహానుభావా, వాయించండి,” అనేదాన్ని.

కూడిక కోసం పాట సిద్ధం చేస్తుంటే అత్త నా పక్కనే కూర్చుంది. తెరమీద ఎగిరిపడుతున్న గీతని చూపించి, ఇది మీ అబ్బాయిదే అన్నాను. కిక్ పడినప్పుడల్లా అది కిందికి కుంగడం చూసి ఆవిడ ఏడుపందుకుంది.

“ఎందుకే నా గుంటణ్ణి అలా తొక్కేస్తన్నావు? ఇంకా ఏటి మిగిలిందని? పైకెత్తే తల్లీ!”

అలా చెయ్యకూడదని నాకు తెలుసు. తెలిసీ, ఆ పూట ఆయన్ని తగ్గించడానికి నాకూ చేతులు రాలేదు. సైడ్‌చెయిన్ తీసేశాను, బేసు పెంచేశాను. గదిలోని చిన్న స్పీకర్లలో బాగానే ఉన్నట్టనిపించింది.

చర్చి ముందు షామియానా కింద పెద్ద సౌండ్ బాక్సులు పెట్టారు. పాట మొదలవగానే ఒకటే మోత, కుర్చీలు అదిరిపోయాయి. ఏది కిక్కో ఏది బేసో ఆ దేవుడికే తెలియాలి. సౌండ్ బాక్సుల అతను కంగారుగా పరుగెత్తి, అడుగు మోతంతా తగ్గించేశాడు. దాంతో మా ఆయన పూర్తిగా పోయాడు. పాడినవాళ్ళ గొంతులూ కీబోర్డూ మాత్రం మిగిలాయి. జనమంతా కళ్ళు తుడుచుకుంటున్నారు. అత్త ఒక్కత్తే చెవి ఒగ్గి కూర్చుని, పాట అయిపోగానే నా మోచెయ్యి పట్టుకుంది.

“మావోడేడే? నాకు వినపడలేదే.”

నా చేతులు నరికేసుకోవాలనిపించింది.

మర్నాడు పొద్దున్న సైడ్‌చెయిన్ మళ్ళీ పెట్టి, బేసుని మునుపటంతకి దించి విన్నాను. తీగమీద ఆయన వేలు జారడం కూడా వినపడింది. చాలాసేపు ఏడ్చాను. తర్వాత అత్తని పిలిచి, ఆవిడ చెవులకి నా హెడ్‌ఫోన్స్ పెట్టి, ఏది ఆయన బేసో వేలితో బల్లమీద తట్టి చూపించాను. చెవులు మూసి ఉంటే తన గొంతు తనకే వినపడదు కదా, ఆవిడ ఇల్లంతా దద్దరిల్లేలా అరిచింది.

“ఒరే బాబూ, వచ్చేవేట్రా!”

కూడికకి వచ్చి ఉండిపోయిన మా ఆడపడుచు వంటింట్లోంచి గరిటె పట్టుకునే పరుగెత్తుకొచ్చి, వీధి తలుపు తీసి చూసింది.