జుట్టు విసిరే నాస్తికుడు

ఆత్మకూరు మార్కెట్ యార్డులో హెవీ మెటల్ పాటల పండుగ జరిగిన సాయంత్రం నుంచి ఆ పాటగాడంటే నాకు రోత. దేవుడు లేడని మైకులో అరుస్తూ, ప్రతి మాటకూ నడుము దాకా ఉన్న జుట్టును గిర్రున తిప్పాడు. నేనూ చప్పట్లు కొట్టాను.

అతను వేదిక దిగి నా పక్కకు రాగానే, గొర్లు కాసే ఒక అవ్వ వేపమండతో ఎదురొచ్చింది. ఆ ఊపుడు చూసి అమ్మవారు పూనిందనుకుంది.

"తల్లీ, నా మన్మరాలికి నాలుగొద్దుల సంది జరం. ఏం జెయ్యాలె?"

పూనకం కాదని ఒక్క మాట చెబితే చాలు. అతను నాకు కన్నుగీటి, మళ్లీ జుట్టు విసిరాడు. "పసుపు నీళ్లు చల్లు. తగ్గుతది."

"అవ్వా, పిల్లను దవాఖానకు తీస్కపో," అన్నాను.

"నీకు పూనకం రాలె గద బిడ్డా, నీకేం ఎరుక?"

వేపమండ అతని చేతిలో పెట్టి వెళ్లిపోయింది. అతను దాన్ని ఊపుతూ ఫొటోలు దిగాడు.