నిద్రపోయిన కానిస్టేబులు

ముందే ఒక మాట. ఇందులో వీధి మార్చాను, ఇల్లు మార్చాను, ఆ వస్తువు కూడా మార్చాను. ఎందుకు మార్చానో చదివితే మీకే తెలుస్తుంది.

మా నాన్న పోలీసు ఉద్యోగంలో కానిస్టేబులుగా చేరి, ఒక్క ప్రమోషన్ లేకుండా కానిస్టేబులుగానే రిటైరయ్యాడు. అలాగని మా ఇంట్లో ఎప్పుడైనా ఒక దొంగ కథో దోపిడీ కథో విన్నామా అంటే, ఒట్టు, ఒక్కటంటే ఒక్కటి లేదు. స్కూల్లో పిల్లలు "మీ నాన్న ఎంతమందిని పట్టుకున్నాడే?" అని వేపుకు తింటే, వెళ్ళి ఆయన్నే అడిగేదాన్ని. "బస్సుని పట్టుకునీవోడిని. ఆనందపురం బస్సు, వారం వారం" అనేవాడు. ఆనందపురం దాటాక మా తాతగారి ఊరు, నాలుగెకరాల పొలం. అంతకు మించి కూపీ లాగితే పేపరు మొహానికి అడ్డం పెట్టుకునేవాడు.

ఆ ఊళ్ళో పెళ్ళికి వెళ్ళినా పేరంటానికి వెళ్ళినా ఆయన బావలకి ఒకటే వేళాకోళం. "ఏటి బావా, కన్నంటుకుందా?" అని ఒకడు అనడం, పందిరి పందిరంతా పగలబడి నవ్వడం. నాన్న కూడా వాళ్ళతో కలిసి నవ్వేవాడు. నాకు మాత్రం ఒళ్ళు మండేది. ఎందుకంటే నాన్న పగలు నిద్రపోవడం నా జన్మలో చూడలేదు. నైట్ డ్యూటీ చేసొచ్చినా సరే, పగలంతా కుర్చీలో కళ్ళు తెరుచుకునే కూర్చునేవాడు. ఆ వేళాకోళం ఎందుకో ఎప్పుడూ ఎవరూ చెప్పలేదు. గురక గురించి కాబోలు అనుకుని ఊరుకున్నాను.

అలాంటి మనిషి, ఎనభయ్యో ఏడు దగ్గరపడ్డాక, మోకాళ్ళ నొప్పులతో, ఒక శనివారం పొద్దున్న నా దగ్గరకొచ్చి "రేపు ఓల్డ్ పోస్టాఫీసు కాడ ఏదో క్రైమ్ వాకంట. నన్ను తీసుకెల్లు" అన్నాడు. సీతమ్మధారలో మా ఇంటి దగ్గర పార్కులో ఎవరో చెప్పారట. ఒక అమ్మాయి పాత ఊరంతా తిప్పి, ఎప్పటివో దొంగతనాలూ హత్యలూ చెబుతుందట.

"నాన్నా, మీకేమైనా మతి పోయిందా? ముప్పై ఏళ్ళు చేసిన ఉద్యోగంలో చాల్లేదా? ఇప్పుడు టికెట్టు కొనుక్కుని వినాలా?" అన్నాను.

"తీసుకెల్తావా, ఆటో ఎక్కి నానే ఎల్లిపోనా?"

వంటింట్లోంచి అమ్మ, "తీసుకెల్లవే. ఆయనేటి రోజూ అడుగుతాడా?" అంది. మామూలుగా ఆయన వీధి చివరికి వెళ్తానన్నా వద్దనే మనిషి. నాకు అప్పుడే అనుమానం రావలసింది. రాలేదు.

ఆదివారం పొద్దున్నే వెళ్ళాం. పన్నెండు మందిమి ఉంటాం. ఎక్కువమంది సాఫ్ట్‌వేర్ పిల్లలు. గైడు అమ్మాయికి పాతికేళ్ళుంటాయేమో, చేతిలో ఎర్ర గొడుగు, మెడలో చిన్న మైకు. చక్కగా చెబుతోంది. పాత బంగళాలో పోయిన గడియారం, ఓడ దిగి మాయమైపోయిన తెల్లదొర. పిల్లలు ఫోటోలు తీసుకుంటున్నారు. నాన్న ఏదీ వినడం లేదు. నా భుజం పట్టుకుని అడుగులో అడుగేస్తూ, "ఇంకా ఎన్ని ఉన్నాయి?" అని మాత్రం రెండుసార్లు అడిగాడు. నాకు చిర్రెత్తుకొచ్చింది. పంతం పట్టి తీసుకొచ్చిందీ ఆయనే, విననిదీ ఆయనే.

పూర్ణా మార్కెట్ వెనక ఒక సందులోకి తిరిగాం. తాళం వేసిన పెంకుటింటి ముందు ఆ అమ్మాయి ఆగింది. నా భుజం మీద నాన్న చెయ్యి బిగిసింది.

ఆ అమ్మాయి చెప్పిన కథ ఇది. యాభై ఏళ్ళ కిందట ఈ ఇంట్లో ఒక చిన్న వయసు ఇల్లాలు ఉండేది. భర్త ఓడ మీద పని, నెలల తరబడి రాడు. ఇంటి వాటా కోసం భర్త వైపు బంధువొకడు ఒక తెల్లవారుజామున వచ్చి, పచ్చడి నూరే పొత్రంతో ఆమెను కొట్టి చంపేశాడు. పొత్రం వంటింట్లోనే ఉంది. వేలిముద్రల వాళ్ళు వచ్చేదాకా ఎవరినీ లోపలికి రానివ్వొద్దని గుమ్మం దగ్గర ఒక కానిస్టేబుల్ని కాపలా పెట్టారు.

"ఆ కానిస్టేబుల్ గారేం చేశారో తెలుసా?" అని ఆ అమ్మాయి గోడకి ఆనుకుని, కళ్ళు మూసుకుని, మైకులో గురక పెట్టింది. "హాయిగా నిద్రపోయారు! లేచేసరికి పొత్రం లేదు. పెరటి తలుపు తీసి ఉంది. సాక్ష్యం లేదని కేసు కొట్టేశారు. చంపినవాడు దర్జాగా ఇంటికెళ్ళిపోయాడు."

అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. నవ్వుతూ నాన్న వైపు తిరిగాను. ఆయనా నవ్వుతున్నాడు, మా ఊరి పెళ్ళిపందిళ్ళలో నవ్వినట్టే. అప్పుడు తెలిసింది నాకు. బావల వేళాకోళం, ఆగిపోయిన ప్రమోషన్లు, పేపరు అడ్డం పెట్టుకోవడం, అన్నీ ఒక్కసారి తెలిశాయి. నా నవ్వు నోట్లోనే ఉండిపోయింది. సిగ్గుతో చచ్చిపోయాను. ఆయన గురించి కాదు, నవ్వినందుకు.

నాన్న చెయ్యెత్తాడు. క్లాసులో పిల్లాడిలా. "అమ్మా, ఆ ఇంట్లో ఒక పసిగుంట ఉండాల. ఆ పిల్ల ఏటైంది?"

ఇదీ ఆయన వచ్చిన పని. దీని కోసమే మోకాళ్ళు ఈడ్చుకుంటూ రెండు గంటలు నడిచాడు.

ఆ అమ్మాయి మైకు ఆపేసి దగ్గరకొచ్చింది. "మీకెలా తెలుసు తాతగారూ? ఈ సంగతి నేను ఎవరికీ చెప్పను. పోయిన నెల ఒకావిడ నడకకి వచ్చారు. అందరూ వెళ్ళిపోయాక, ఆ పాపని నేనే అన్నారు. క్షమించమంటే, మీరు ఉన్నదే చెప్పారు కదా అన్నారు."

"బాగుందా?"

"బాగున్నారు. స్కూల్లో టీచరట. ఇద్దరు పిల్లలు. పెద్దమ్మాయికి పెళ్ళి కూడా అయిందట." తర్వాత గొంతు తగ్గించి, "నన్నొకటి అడిగారు. అమ్మమ్మ వాళ్ళు ఊరి నుంచి వచ్చేసరికి రెండు రోజులు పట్టిందట. ఆ రెండు రోజులూ నన్నెవరు ఎత్తుకున్నారు, పాలెవరు పట్టారు అని. ఎవరికి తెలుస్తుంది తాతగారూ?" అంది.

నాన్న "ఎవులో తల్లి పట్టుంటాదిలే" అని తల తిప్పుకున్నాడు.

నడక పూర్ణా మార్కెట్‌తో అయిపోయింది. ఉల్లిపాయల బస్తాల పక్కన టీ కొట్టు బల్ల మీద కూర్చోబెట్టాను. టీ గ్లాసు రెండు చేతులతో పట్టుకుని, నా వైపు చూడకుండా చెప్పాడు.

"నాను నిద్రపోనేదమ్మా. ఆ పిల్ల ఏడుపు నువ్వు ఇన్లేదు కాబట్టి సరిపోయింది. అయిదారు నెల్ల గుంట. తల్లి అక్కడ అలాగ పడుంది. ఇది ఉయ్యాల్లో గుక్కపట్టి ఏడుత్తంది. రెండిళ్ళ తలుపులు కొట్టాను. మమ్మల్ని కేసులో ఎట్టొద్దు బాబూ అని కిటికీలు కూడా మూసేసినారు. పోలీసంటే భయం. ఇన్స్పెక్టరు ఎప్పుడొత్తాడో తెల్దు. ఏడిసి ఏడిసి పిల్ల నీలంగా అయిపోతంది. క్వార్టర్సు ఎంతో దూరం నేదు. అప్పుడు నువ్వూ పసిగుంటవే, మీయమ్మకి పాలున్నాయి. పిల్లని తువ్వాల్లో సుట్టి పరిగెట్టాను. మీయమ్మ ఒళ్ళో పడేసి మళ్ళీ పరిగెట్టాను. అర్ధగంట కూడా అవనేదు. వచ్చి సూత్తే పొత్రం నేదు."

నేను ఆగలేకపోయాను. "మరి నిద్రపోయానని ఎందుకు చెప్పారు? పాప కోసం వెళ్ళానని చెబితే ఎవరు కాదంటారు? ఇన్నేళ్ళు ఊరంతా నవ్వుతుంటే, నేను కూడా ఇందాక నవ్వితే... పదండి, ఆ అమ్మాయికి చెబుతాను. ఆవిడ నంబరు ఉంటుంది, ఆవిడకీ చెబుతాను!"

"అరవకు, అందరూ సూత్తన్నారు." గ్లాసు బల్ల మీద పెట్టాడు. "పిల్ల కోసం ఎల్లానంటే అది రికార్డులో పడతాది. కోర్టులో సదువుతారు. రేపు ఆ గుంట పెద్దదవుతాది, సదుంకుంటాది. తన ఆకలి వల్ల అమ్మని సంపినోడు తప్పించుకున్నాడని దానికెందుకు తెలియాల? పోలీసోడు నిద్రపోయాడంటే పోయిందేటి? నాలుగు తిట్లు తిడతాది. తిట్టనీ."

"మరి పాపని క్వార్టర్సుకి ఎవరు తెచ్చారన్నారు?"

"సేపలమ్ముకునీ ఆవిడెవులో దారిన పోతంటే దాని సేతికిచ్చి పంపించేసినానని సెప్పాను. మీయమ్మా అదే సెప్పింది."

నా కోపం ఎటు పోయిందో పోయింది. మార్కెట్లో అంతమంది మధ్య ఆయన మోకాలి మీద చెయ్యేసి కూర్చుండిపోయాను. ఆవిడ అడిగిన ప్రశ్న ఒకటి మాత్రం నన్ను వదల్లేదు. చివరికి, "పాల సంగతైనా చెప్పనివ్వండి నాన్నా. ఎవరు పట్టారో తెలుసుకోవాలని యాభై ఏళ్ళుగా ఉందంటే ఎలా ఉంటుందో ఆలోచించండి" అన్నాను.

గ్లాసు మళ్ళీ చేతిలోకి తీసుకుని, "పాల సంగతి సెప్పు. తెచ్చింది మాత్రం సేపలావిడే" అన్నాడు.

గైడు అమ్మాయి దగ్గర నంబరు తీసుకుని పాల సంగతి చెప్పాను. రెండు వారాల తర్వాత ఆవిడ మా ఇంటికి వచ్చింది. నా ఈడుదే, నాకంటే కాస్త లావు. అమ్మకి చీర, పళ్ళు, పూలు తెచ్చింది. అమ్మ ఆవిడ మొహం రెండు చేతుల్లోకి తీసుకుని, "ఓలమ్మ, ఎంతదానివైపోనావే! నువ్వు ఎడం పక్కే తాగీదానివి. కుడి పక్కకి మారిస్తే మొకం తిప్పేసీదానివి. నీ పంతం సూసి ఇది కుడి పక్కకి సర్దుకుంది" అని నన్ను చూపించింది. ఆవిడ ఏడ్చేసింది. నా చెయ్యి పట్టుకుంటే నేనూ ఏడ్చాను. అమ్మ చెరో చేత్తో ఇద్దరి కళ్ళూ తుడిచింది.

"నన్ను మీ దగ్గరికి తెచ్చిందెవరు పిన్నీ?"

"సేపలమ్ముకునీ ఆవిడమ్మా. పేరు కూడా తెల్దు." అమ్మ రెప్ప కూడా వెయ్యలేదు.

అప్పుడు ఆవిడ కుర్చీలో ఉన్న నాన్న వైపు తిరిగింది. "మీరూ అప్పుడు ఆ స్టేషన్లోనే చేసేవారా బాబాయ్?"

ఆవిడ వెనక నిలబడి నేను వద్దు వద్దని తల ఊపుతున్నాను. వేరే స్టేషనంటే అయిపోతుంది. ఎవరు వెళ్ళి వెతుకుతారు? నాన్న నా వైపు చూశాడు, ఆవిడ వైపు చూశాడు.

"ఆ కాపలా కానిస్టేబుల్ని నానేనమ్మా. కన్నంటుకుంది. తప్పైపోయింది తల్లీ."

నిద్ర అబద్ధం. తప్పైపోయిందన్న మాట మాత్రం అబద్ధం కాదు. ఆ పొత్రం యాభై ఏళ్ళుగా ఆయన గుండె మీదే ఉంది. దాని కోసమే పగలు కన్ను మూయలేదని నాకు ఆ క్షణంలో అర్థమైంది.

ఆవిడ మొహంలో రంగు మారింది. పళ్ళ కవరు కేసి చూస్తూ ఉండిపోయింది. లేచి వెళ్ళిపోతుందనుకున్నాను. వెళ్ళిపోతే వీధిలోకి పరిగెత్తి నిజం అరిచి చెప్పేద్దామని కూడా అనుకున్నాను. దేవుడి మీద ఒట్టు, చెప్పేసేదాన్నే.

"చిన్నప్పటి నుంచీ ఆ మనిషి ఎదురైతే అడగాలని చాలా దాచుకున్నాను" అంది ఆవిడ. తల ఎత్తి, "ముందు రోజు రాత్రి కూడా మీకు డ్యూటీయేనా?" అని అడిగింది.

నాన్న తల ఊపాడు.

"మరి మనిషన్నాక నిద్ర రాదా బాబాయ్?" అంది.

నేను వంటింట్లోకి వెళ్ళిపోయాను. అమ్మ అప్పటికే అక్కడ కుళాయి తిప్పి, కడిగిన గిన్నెలే మళ్ళీ కడుగుతోంది. ఇద్దరం ఒకరి మొహం ఒకరం చూసుకోలేదు.

నలుగురం కలిసి భోంచేశాం. చేపల పులుసు ఆవిడ రెండుసార్లు వేయించుకుంది. తర్వాత ముందు గదిలో కూర్చుని నేనూ ఆవిడా పిల్లల ఫోటోలు చూసుకుంటున్నాం. ఏదో ఫోటోకి నేను గట్టిగా నవ్వాను. ఆవిడ చటుక్కున నా నోటికి చెయ్యి అడ్డం పెట్టి, కుర్చీ వైపు చూపించింది.

నాన్న మెడ వాల్చి, నోరు కాస్త తెరిచి, నిద్రపోతున్నాడు. పట్టపగలు, రెండు గంటలకి.

"లేపకు, పడుకోనీ" అంది ఆవిడ మెల్లిగా, లేచి వెళ్ళి కిటికీ తలుపు దగ్గరగా వేస్తూ.