కొత్త దూది పరుపు

"నా సంగతి ఇడిచిపెట్టు అయ్యా. ఆ దినం మాదర్ ఏడున్నడో గంత చెప్పు, చాలు."

"నాకు యాది లేదు."

"పొద్దుగాల నుంచి పొద్దూకేదాంక నీ వాకిట్లనే దూది ఏకిండు. నువ్వు గీ అరుగు మీద కూసొని చూసినవ్. పగటి బువ్వ సుత ఈన్నే తిన్నడు. యాది లేదా?"

"నోరు తగ్గించు నర్సమ్మా. వానికీ నీకూ ఉన్న ముచ్చట వాడంతా ఎరుక. నీ మాట పట్టుకొని నేనొచ్చి సాక్ష్యం చెప్పాల్నా?"

"నా మాట ఎవ్వరు నమ్మరనే నీ గడపకొచ్చిన. నువ్వు మర్యాదస్తునివి. నువ్వు చెప్తే నమ్ముతరు."

మా బాపు కండువా దులిపి భుజాన వేసుకొని లోపలికి వచ్చాడు. తలుపు వెనక నిలబడి ఈ మాటలన్నీ విన్న నన్ను చూసి, చూడనట్టే పోయాడు. అప్పటికి నాకు పదకొండేళ్లు. పోలీసు యాక్షన్ జరిగి నెల కూడా కాలేదు.

మొన్న మల్కాజ్‌గిరిలో మా మనవరాలు పాత పరుపును చెత్తబండిలో వేయబోతే నేను వేయనివ్వలేదు. ఎండలో విప్పితే సగం దూది ఇంకా పనికొస్తుంది. కుట్లు తెంపి చెయ్యి లోపల పెట్టగానే మగ్గిన దూది వాసన, గొంతులో గరగర. పిల్లలు ముక్కులు మూసుకొని దూరం జరిగారు. నేను మాత్రం ఆ దుమ్ములోనే చాలాసేపు కూర్చున్నాను. నర్సమ్మను తలుచుకోకుండా నేను పరుపు విప్పలేను.

సీతాఫల్‌మండిలో మా ఇంటికి మూడిళ్ల అవతల ఉండేది నర్సమ్మ. మొగుడు పోయిన మనిషి. పరుపులు, బొంతలు కుట్టి బతికేది. దూది ఏకడానికి మాదర్ సాయిబు వచ్చేవాడు. వాళ్లు దూదేకులవాళ్లు, ఇంట్లో తెలుగే మాట్లాడతారు. పెళ్లాం పిల్లలు పల్లెలో ఉండేవాళ్లు. అతను విల్లు మీటుతుంటే ఆమె పక్కన కూర్చొని సంచి కుట్టేది. ఇద్దరూ ఒకే పందిరి కింద పని చేస్తారు కాబట్టి వాడ ఆడవాళ్లు నల్లా దగ్గర ఏవేవో అనుకునేవాళ్లు. అనేవాళ్లలో మా అమ్మ కూడా ఉంది. ఆ అమ్మే చలికాలం రాగానే బొంతలు కుట్టించుకోవడానికి నన్ను నర్సమ్మ దగ్గరకు పంపేది. వాళ్లిద్దరి మధ్య ఏముందో నాకు ఈ రోజుకీ తెలియదు. తెలుసుకోవలసిన పని నాకు లేదని మాత్రం చాలా ఆలస్యంగా తెలిసింది.

నన్ను బడి మూడో తరగతిలోనే మాన్పించారు. అక్షరాలు బడిలో వచ్చాయి, పని నర్సమ్మ దగ్గర వచ్చింది. ఒకనాడు బొంత లోపలి పొరకు కుట్టు వేస్తూ తొందరలో వంకర వేశాను. ఆమె చూసి మూరెడు కుట్టు విప్పేసింది.

"లోపలికి పోయేదే కదా నర్సమ్మా, ఎవరు చూస్తరు?" అన్నాను.

"లోపలికి పోయే కుట్టు కుట్టు కాదా బిడ్డా? అదే కదా బరువు మోసేది. మల్ల షురూ చెయ్యి," అంది.

ఆ ఎండాకాలం మా అక్క పెళ్లయింది. మా వాడలోనే బియ్యం దుకాణం ఉన్న ఇంటికి ఇచ్చారు. అత్తవారింటికి పంపడానికి కొత్త బూరుగు దూది పరుపు, మోండా మార్కెట్‌లో తయారైనది తెస్తున్నానని మా బాపు వియ్యంకుడికి గొప్పగా చెప్పాడు. తెచ్చింది మాత్రం కొత్త గలీబు బట్ట ఒక్కటే. దూది మా నాయనమ్మ ప్రాణం పోయిన పరుపులోది. నర్సమ్మను, మాదర్‌ను పిలిచి, వీధి తలుపు వేసి, మా వాకిట్లోనే ఏకించాడు. పైన, అంచులకు మాత్రం పిరికెడు కొత్త దూది. గింజలు ఏరింది నేనే.

"గిది పాతదని చెప్పి పంపుండ్రి అయ్యా. దూది మంచిగనే ఉన్నది, సిగ్గేముంది?" అంది నర్సమ్మ.

"నీ పని కుట్టుడు. కుట్టు."

"కుడత. నన్ను ఎవరన్న అడిగితే మాత్రం ఉన్నదే చెప్త."

మాదర్ నవ్వి, "ఎవరడుగుతరు నర్సమ్మా, పండుకునేటోళ్లు నిద్రపోతరు గాని," అన్నాడు. బాపు కూడా నవ్వాడు.

ఆ దినమే, అప్పటి సర్కారు అండ ఉన్న సాయిబుల గుంపొకటి వచ్చి వియ్యంకుడి దుకాణం మీద పడి దోచుకొని, అడ్డం వచ్చిన ఆయన తమ్ముడి చెయ్యి విరగ్గొట్టారు. సైన్యం వచ్చి, రోజులు తిరగబడ్డాక, విచారణ మొదలైంది. గుంపులో మాదర్ ఉన్నాడని వియ్యంకుడు చెప్పాడు. నిజంగా అనుకున్నాడో, చేతికి దొరికిన సాయిబు అతనొక్కడే అయ్యాడో చెప్పలేను. మాదర్‌ను ఠాణాలో పెట్టారు. ఆ దినం అతను మా వాకిట్లో ఉన్నాడని చెప్పడానికి నలుగురమే ఉన్నాం. బాపు, అమ్మ, నర్సమ్మ, నేను.

ఉన్నాడని బాపు అంటే, ఏం చేస్తున్నాడని వియ్యంకుడు అడుగుతాడు. మోండా మార్కెట్ పరుపు సంగతి బయటపడుతుంది. భయం కూడా ఉంది, కాదనను. ఆ రోజుల్లో సాయిబు పక్షాన మాట్లాడితే మన మీద కన్ను పడేది. కానీ ఆ పొద్దున అరుగు దిగి వెళ్తూ నర్సమ్మ అన్న చివరి మాట నేను విన్నాను.

"దూది ముచ్చట నన్ను ఎవరూ అడగలేదు అయ్యా, నేను ఎత్తను. మాదర్ ముచ్చట అడుగుతున్నరు."

ఆ మధ్యాహ్నం విచారణ చేసే అధికారి వియ్యంకుడి దుకాణం ముందు కుర్చీ వేయించుకొని కూర్చున్నాడు. వాడంతా చేరింది. నర్సమ్మ వెళ్లి, మాదర్ ఆ దినమంతా మా వాకిట్లోనే ఉన్నాడని చెప్పింది. వెనక ఎవడో మాదర్ పేరు, ఆమె పేరు కలిపి ఒక మాట అన్నాడు. జనం నవ్వారు. అధికారి మా బాపు వంక చూశాడు. రోజూ సాయంత్రం అదే వీధికి వినబడేలా పురాణం చదివి సత్యం గురించి చెప్పే మా బాపు, "నాకు గుర్తు లేదండీ," అన్నాడు. నర్సమ్మ నన్ను చూపించింది. "గీ పిల్ల సుత ఉండె సారూ. గింజలేరింది. అడుగుండ్రి."

"ఏమ్మా, ఆ రోజు ఆయన మీ ఇంట్లో ఉన్నాడా?"

నన్ను ఎవరూ బెదిరించలేదు. బాపు నా వైపు చూడను కూడా లేదు. జనంలో నిలబడ్డ మా అక్క మొహం చూశాను. పరుపు సంగతి తెలిస్తే ఆమె అత్త ఏమంటుందో తలుచుకున్నాను. "నాకు తెల్వదు," అన్నాను.

నర్సమ్మ అరవలేదు, శపించలేదు. "పిల్ల భయపడ్డది సారూ, దాన్ని ఇడిచిపెట్టుండ్రి," అంది.

నన్ను రాతిగుండె ముసలిది అంటారు ఇంట్లో. చిన్న అబద్ధానికి కూడా అన్నం ముందు నుంచి లేపేస్తానని కోడళ్లకు కోపం. అనుకోనీ. ఒకరి నడత గురించి నా గడప మీద కూర్చొని ఎవరు మాట్లాడినా లేచి పొమ్మంటాను. ఇదంతా మంచితనం అని నేను అనుకోను. మాదర్ మళ్లీ మా వాడకు రాలేదు. ఎక్కడికి పంపారో, బతికాడో లేదో ఎవరూ చెప్పలేదు, నేనూ అడగలేదు. పిరికితనం ఒక్క మధ్యాహ్నంతో అయిపోతుందనుకున్నాను. అడగకుండా గడిపిన ఏళ్లన్నీ దాని కిందికే వస్తాయి.

విచారణ జరిగిన మరునాడు పొద్దున ఠాణా నుంచి లారీ బయలుదేరింది. అందులో మాదర్ ఉన్నాడని నల్లా దగ్గర చెప్పుకున్నారు. బాపు స్నానం చేసి, బొట్టు పెట్టుకొని, నౌకరికి వెళ్లాడు. నేను రోజూలాగే నర్సమ్మ ఇంటికి పోయాను. ఆమె గడపలో కూర్చొని సూదిలో దారం ఎక్కిస్తోంది. పక్కన కూర్చోబోయాను. ఆమె బట్ట మడిచి, చాప చుట్టి, లోపలికి వెళ్లి తలుపు వేసుకుంది. గట్టిగా వేయలేదు. మామూలుగానే వేసింది.