సువాజిక్ కూర్చున్న రీలు

ఎక్కడ అడుగుపెట్టినా జిల్దాస్ త్రెవిదిక్ ముందు ఎడమ చెయ్యి చాచేవాడు. పిడికిలి బిగించి, వెలుగులో మెల్లగా తిప్పి, నీడ ఎటు పడుతుందో చూసేవాడు. ఆ తర్వాతే మనుషుల్ని పలకరించేవాడు.

ఫ్రాన్సు పడమటి తీరాన దువార్నెనె రేవులో, సార్డీన్ చేపలు డబ్బాలకెత్తే ఒక కూలీ కడుపున పుట్టాడు. పారిస్ స్టూడియోల్లో కెమెరా స్టాండ్లు మోసి మోసి ఛాయాగ్రాహకుడయ్యాడు. ఎందరో తారల ముఖాలు వెలిగించాడు. ఒకరోజు అవన్నీ వదిలేసి డాక్యుమెంటరీలకు వచ్చాడు. అప్పటినుంచి శబ్దం పట్టే పని నాది. సహాయకులు లేరు. రీళ్ళు తనే ఎక్కించుకునేవాడు.

తల్లి పనిచేసిన ఫ్యాక్టరీ మూతపడుతోందని తెలిసి, చిత్రం తీయడానికి వెళ్ళాం. సువాజిక్ ఆ తల్లి పక్కనే నిలబడి చేపలు సర్దిన మనిషి. బతుకంతా ఫోటో తీయించుకోలేదు. కూతురి పెళ్ళిలో కూడా చేతులు అడ్డం పెట్టుకుంది. జిల్దాస్ కోసం ఒప్పుకుంది, ఒక్కసారికి.

ఆ ఉదయం రేవులో చేపల వేలం కెమెరాలో తీసి ఆమె వంటింటికి వచ్చాం. జిల్దాస్ వెలుగు చొరని నల్లసంచిలో చేతులు పెట్టి, అయిపోయిన రీలు తీసి డబ్బాలో మూశాడు. వాడేసిందని గుర్తుకు దాని మీద ఎర్ర టేపు అంటించాలి. పక్కనే కొత్త రీలు డబ్బా ఉంది.

"ఒరేయ్, అవి అవతల పెట్టి రారా. కాఫీ చల్లారితే మళ్ళీ కాచేది లేదు."

"ఒక్క నిమిషం, పిన్నీ."

"పారిస్‌లో నీకు తిండి పెట్టలేదు గానీ నిమిషాలు బాగానే పెట్టినట్టున్నారు!"

సువాజిక్ అతని చొక్కా పట్టుకుని బల్ల దగ్గరికి లాక్కెళ్ళింది. వెన్నకేకు రెండో ముక్క తినేదాకా వదల్లేదు. లేచాక, చేతికందిన డబ్బా తెరిచి కెమెరాకు ఎక్కించాడు.

సముద్రంలో పోయిన భర్త గురించి రీలు అయ్యేదాకా చెప్పింది. ఒకసారి నవ్వింది. చివర్లో, "ఇంతేనా? పన్ను పీకినంత కూడా లేదే!" అంది.

పదిరోజుల్లో ఆమె పోయింది. ఆ వారమే ఫిల్ము కడిగే లాబు నుంచి రీళ్ళు వచ్చాయి. ఒకటి ఖాళీ. రెండోదాన్ని చర్చి హాల్లో వేశాం. కూతురు అన్నిక్ నల్లబట్టల్లో వచ్చి ముందు వరసలో కూర్చుంది.

తెర మీద సువాజిక్. ఆమె నుదుటి మీదా, కళ్ళ మీదా తలకిందులుగా మనుషులు వెనక్కి నడుస్తున్నారు. నోటి దగ్గర చేపల బుట్టలు. వేలం తీసిన రీలునే చివరి కొస నుంచి ఎక్కించి, దాని మీదే ఆమెనూ తీశాడు.

నేను యంత్రం ఆపబోయాను.

"ఆపకు," అంది అన్నిక్. చివరిదాకా చూసింది. తర్వాత జిల్దాస్ వైపు తిరిగింది.

"అన్నా, వాళ్ళని తీసెయ్. అమ్మ ఒక్కతే ఉండేట్టు చెయ్."

"కుదరదమ్మా."

"పారిస్‌లో పెద్ద లాబులున్నాయిగా?"

"ఎక్కడా కుదరదు. రెండూ ఒకే పొరలో కలిసిపోయాయి."

"ఆమె గొంతు శుభ్రంగా ఉంది," అన్నాను నేను. "టేపు ఇస్తాను."

"గొంతు నాకు రోజూ వినిపిస్తూనే ఉందక్కా. ముఖమే కావాలి."

జిల్దాస్ రీలు వెనక్కి చుట్టాడు. ఆమె అడగకుండానే మళ్ళీ వేశాడు. ముగ్గురం చూశాం. బుట్టలు ఎక్కడివక్కడే ఉన్నాయి.

మర్నాడు పొద్దున్నే అతను రేవుకు వెళ్ళి చేపల వేలం మళ్ళీ తీశాడు.